వక్త, శ్రోత, వాక్యము
(సులభా జనక సంవాదము నేర్పు పాఠము)

మానవుడు తనకు తెలిసిన విషయములను ఒకమారు లెక్కించి చూచుకొన్నచో, వానిలో తాను స్వయముగా కన్నవి మిక్కిలి తక్కువయని గ్రహింపగలడు. తన జన్మదినము తనకు తెలియును. కాని తల్లిదండ్రులు చెప్పగా విన్నాడే గాని తాను చూచి యెరుగడు. గంగాతీరమున కాశీ కలదని, ఎన్నడును అక్కడకు వెళ్లని వారు కూడ నిస్సంశయముగా చెప్పుదురు. ఈ మందు ఈ రోగమును కుదుర్చునని వైద్యుడు చెప్పగా నమ్మి సేవింతుము. ఏది ధర్మము, ఏది అధర్మము, ఎవరి మాట వినదగినది, ఎవరి మాట వినదగదు అను విషయములలో సైతము చిన్ననాట ఇంటివారు, ఊరివారు, గురువులు పలికిన పలుకులే మన బుద్ధికి పునాదులు.

అనగా మన జ్ఞానములో అధిక భాగము ఇతరుల నోటినుండి మన చెవికి వచ్చినదే. ఇది లోపము కాదు. ప్రతివాడును సమస్తమును తానే పరీక్షించి తెలిసికొనవలెనన్నచో ఒక జన్మ చాలదు. అయితే మాట ద్వారా వచ్చు జ్ఞానమునకు ఒక చిక్కు కలదు. పలికినవాని నేర్పును బట్టి, విన్నవాని మనస్సును బట్టి, పలుకబడిన సభను బట్టి దాని రూపము మారుచుండును. నేర్పుగా చెప్పిన అసత్యము నిలిచిపోవచ్చును. నేర్పులేక చెప్పిన సత్యము త్రోసివేయబడవచ్చును. పెద్దవాడు పలికిన పొరపాటు శాస్త్రమై కూర్చుండవచ్చును. చిన్నవాడు పలికిన నిజము చెవిని పడకయే పోవచ్చును.

మన పూర్వులు ఈ చిక్కును ఎరుగనివారు కారు. దీనిని గూర్చి శాస్త్రకారులు చేసిన విచారణను క్లుప్తముగా చూచి, పిదప మహాభారతమున శాంతిపర్వమునందలి సులభా జనక సంవాదమును ఇందు పరిశీలింతము.

ఆప్తుడెవడు?

న్యాయశాస్త్రము జ్ఞానమునకు 4 ప్రమాణములను అంగీకరించినది. అవి ప్రత్యక్షము, అనుమానము, ఉపమానము, శబ్దము. ఇందు చివరిదగు శబ్దమనగా ఆప్తుని వాక్యము. 17వ శతాబ్దమువాడును, ఆంధ్రదేశీయుడుగా ప్రసిద్ధుడును అగు అన్నంభట్టు రచించిన తర్కసంగ్రహము నేటికిని తర్కశాస్త్ర విద్యార్థులకు మొదటి పాఠ్యగ్రంథము. ఉన్నదానిని ఉన్నట్లు చెప్పువాడే ఆప్తుడని అందలి నిర్వచనము. అర్థబోధ కలుగుటకు వాక్యమునకు ఆకాంక్ష, యోగ్యత, సన్నిధి అను మూడును ఉండవలెనని కూడ ఆయన వివరించెను. ఆవు, గుఱ్ఱము, మనుష్యుడు, ఏనుగు అని పదములను వరుసగా పేర్చినంత మాత్రమున వాక్యము కాదు. అక్కడ ఆకాంక్ష లేదు. అగ్నితో తడుపుమన్నచో యోగ్యత లేదు. ఒక పదము ఇప్పుడును, మరియొక పదము ఒక జాము గడచిన పిదపను పలికినచో సన్నిధి లేదు.

ఆప్తుని గూర్చి న్యాయసూత్ర భాష్యకారుడగు వాత్స్యాయనుడు చెప్పిన విషయము మరింత గమనింపదగినది. ఈ లక్షణము ఋషికిని, ఆర్యునకును, మ్లేచ్ఛునకును సమానమే యని ఆయన స్పష్టము చేసెను. విషయమును సాక్షాత్తుగా ఎరిగి, దానిని ఉన్నదున్నట్లు తెలుపగోరువాడు ఎవడైనను ఆప్తుడే. మాటకు ప్రామాణ్యము కులము వలన గాని, వేషము వలన గాని, ఆసనము ఎత్తు వలన గాని వచ్చునది కాదు. శాస్త్రము ఇట్లు నిర్ణయించినది. లోకము దీనిని పాటించినదా అనునదే ప్రశ్న.

వాదము, జల్పము, వితండము

న్యాయదర్శనము ప్రతిపాదించిన పదార్థములు 16. వానిలో చివరి 7, అనగా వాదము, జల్పము, వితండము, హేత్వాభాసము, ఛలము, జాతి, నిగ్రహస్థానము అనునవి, చర్చ జరుగు తీరునకు సంబంధించినవే. మోక్షమునకు సాధనముగా చెప్పబడిన శాస్త్రము సంభాషణకు ఇంత స్థానము నిచ్చుట పాఠకులకు వింతగా తోచవచ్చును. కాని మాటలోని మోసమును గుర్తింపజాలనివాడు తత్త్వమును గుర్తింపజాలడని ఆ మహర్షి అభిప్రాయమై యుండవలెను.

తత్త్వమును తెలిసికొనుటకై ఇరువురు కూడి చేయు విచారణ వాదము. శిష్యునితో, గురువుతో, సహాధ్యాయితో, అసూయ లేని శ్రేయోభిలాషితో చేయదగినది ఇదియే. జయమే లక్ష్యముగా గలది జల్పము. తన పక్షమును స్థాపింపక ఎదుటివాని పక్షమును ఖండించుటయే పనిగా పెట్టుకొన్నది వితండము. చివరి రెండింటిని గౌతముడు పూర్తిగా నిషేధింపలేదు. మొలకలను కాపాడుటకు ముండ్లకంచె వేసినట్లు, తత్త్వనిశ్చయమును కాపాడుకొనుటకు మాత్రము వానిని వాడుకొనవచ్చునని చెప్పెను. అయితే కంచెయే పైరని భ్రమించువానికి పంట దక్కదు.

ఛలమునకు వాత్స్యాయనుడిచ్చిన ఉదాహరణము ప్రసిద్ధము. సంస్కృతమున నవశబ్దమునకు క్రొత్తదియనియు, తొమ్మిది యనియు రెండర్థములు. ఈ బాలుడు నవకంబళము గలవాడని ఒకడు చెప్పగా, ఎదుటివాడు, వీనికి ఒక్క కంబళియే యున్నది గదా, తొమ్మిది ఎక్కడ అని ఆక్షేపించును. సభలోనివారు నవ్వుదురు. చెప్పినవాడు ఓడినట్లు కనబడును. కాని క్రొత్త కంబళి క్రొత్తదిగానే యున్నది.

ఆయుర్వేదమున చరకసంహిత విమానస్థానము దీనిని ఇంకను లోతుగా పరిశీలించినది. వైద్యులు తమలో తాము చేయు సంభాషణము రెండు విధములు: స్నేహభావముతో చేయు సంధాయ సంభాష, కలహభావముతో చేయు విగృహ్య సంభాష. వినెడి సభకును భేదములు కలవు. జ్ఞానులు గల సభ యొకటి, మూఢుల సభ మరియొకటి. అవి మరల మిత్రభావము గలవి, తటస్థమైనవి, విరోధభావము గలవి యని వేరు వేరు. ఇంతటితో ఆగక, కలహ సంభాషణలో ఎదుటివానిని ఓడించు ఉపాయములను కూడ చరకుడు వివరించెను. అధ్యయనము లేనివానిని దీర్ఘమైన సూత్రపాఠముతో, విజ్ఞానము లేనివానిని కఠిన పదములతో, పిరికివానిని బెదరించుటతో, కోపిష్ఠిని విసిగించుటతో లొంగదీయవచ్చునట.

ఈ భాగమును చదివినవారికి ఒక సత్యము బోధపడును. రోగి ప్రాణముతో సంబంధించిన శాస్త్రమున సైతము, సభలో గెలిచిన మాట వేరు, రోగమును కుదుర్చు మాట వేరు కావచ్చును. ఆ భేదమును ఎరిగియే చరకుడు ఈ ఉపాయములను దాచక చెప్పెను. తెలిసినవాడు వానికి లొంగడు గదా.

మిథిలకు వచ్చిన భిక్షుకి

ఇక సులభా జనక సంవాదము. పుణెయందలి భండార్కర్ ప్రాచ్య పరిశోధన సంస్థ 1966లో మూలపాఠమును పూర్తిచేసిన మహాభారత సంశోధిత ప్రతిలో ఇది శాంతిపర్వమున 308వ అధ్యాయము. అంపశయ్యపై నున్న భీష్మునితో ధర్మరాజు, గృహస్థాశ్రమమును వీడకయే మోక్షమును పొందినవారు కలరా యని ప్రశ్నించెను. దానికి సమాధానముగా భీష్ముడు ఈ ప్రాచీన కథను చెప్పెను.

మిథిలను ధర్మధ్వజుడను జనకరాజు పాలించుచుండెను. రాజ్యమును ఏలుచునే ముక్తుడైనాడని ఆయన కీర్తి నలుదిక్కుల వ్యాపించెను. ఒంటరిగా భూమిని సంచరించుచున్న సులభ యను యోగిని ఈ కీర్తిని సన్న్యాసుల నోట వినెను. వినినంతనే నమ్మలేదు, కాదని త్రోసివేయను లేదు. నిజమేమో స్వయముగా తెలిసికొనగోరి, యోగబలముతో సుందరరూపమును ధరించి, భిక్షార్థినియై మిథిలకు వచ్చెను. రాజు ఆమెకు ఆసనమిచ్చి, పాదములు కడిగి, భోజనముతో తృప్తిపరచెను. అప్పుడు ఆమె యోగశక్తిచే ఆయన చిత్తమున ప్రవేశించి పరీక్షింప మొదలిడెను.

జనకుడు దానిని గ్రహించి మాటలాడెను. తాను పంచశిఖుని శిష్యుడననియు, ఆ గురువు వానకాలము 4 మాసములు తనకడ నుండి తత్త్వము బోధించెననియు, ఒక భుజమునకు చందనము పూయువాడును, మరియొక భుజమును నరకువాడును తనకు సమానులేయనియు చెప్పుకొనెను. కాషాయము, శిరోముండనము, త్రిదండము బాహ్యచిహ్నములే గాని మోక్షకారణములు కావనెను. ఇంతవరకు ఆయన మాటలు సత్యములే.

కాని వెంటనే ధోరణి మారెను. నీవెవరవు? ఎవరిదానవు? ఎక్కడినుండి వచ్చితివి? ఈ యౌవనము, ఈ రూపము యోగమునకు తగునా? నీవు బ్రాహ్మణ స్త్రీవి, నేను క్షత్రియుడను; నాలో ప్రవేశించి వర్ణసంకరము చేసితివి. నీది సన్న్యాసము, నాది గార్హస్థ్యము. ఆశ్రమ సంకరము చేసితివి. శత్రురాజు ఎవడైనను నిన్ను పంపెనా? అని నిష్ఠురముగా నిందించెను. సర్వము సమానమే యని ఒక గడియ ముందు పలికిన నోటినుండియే ఈ మాటలు వెలువడెను.

వాక్యమునకు లక్షణము

సులభ ఈ నిందలకు కలత చెందలేదు. తనను సమర్థించుకొనుటకు తొందరపడను లేదు. మొట్టమొదట ఆమె, వాక్యమనగా ఏమి యను విషయమును విచారించెను. సభలో నిందకు గురియైన వ్యక్తి తన మాట సంగతి వదలి మాట స్వరూపమును గూర్చి ప్రసంగించుట అసాధారణము. అయితే ఆమె ఎరుగును: వినెడి పద్ధతి సరికానిచో ఎంత సత్యము పలికినను నిష్ఫలమే.

ఆమె మతమున వాక్యమునకు 5 అంగములు. మొదటిది సౌక్ష్మ్యము, అనగా ఒకదానికొకటి దగ్గరగా నున్న అర్థములను విడదీసి చూచు సూక్ష్మత. రెండవది సంఖ్య, అనగా గుణదోషములను లెక్కించి తూచుట. మూడవది క్రమము, అనగా ఏది ముందు, ఏది వెనుక యను వరుస. నాల్గవది నిర్ణయము, ఐదవది ప్రయోజనము. కామము, క్రోధము, భయము, లోభము, దైన్యము, అనార్యత, లజ్జ, జాలి, గర్వము అను 9 కారణములలో దేనివలనను తాను మాటలాడబోనని ఆమె ప్రతిన పూనెను.

ఈ పట్టికలో క్రోధ లోభ గర్వములుండుట సహజమే. లజ్జయు, జాలియు కూడ ఉండుట చూడుడు. సిగ్గుపడి నిజమును మ్రింగుదుము. జాలిపడి నిజమును మెత్తపరచుదుము. సద్గుణములని మనము తలచునవి కూడ మాటను వంకర త్రిప్పగలవని సులభ గుర్తించినది.

పిదప ఆమె చెప్పినదే ఈ సంవాదమునకు హృదయము. వక్త, శ్రోత, వాక్యము ఈ మూడును లోపములేక సమముగా కూడినప్పుడే అర్థము ప్రకాశించునట. వినువానిని తృణీకరించి తనకు నచ్చినట్లు పలికిన మాట మొలకెత్తదు. తన అర్థమును వదలుకొని వినువానికి రుచించునట్లు పలికిన మాట అనుమానమునకు తావిచ్చును. ఇద్దరికిని విరుద్ధము కాకుండ పలుకువాడే వక్త. ముఖప్రీతి మాటలును, అహంకారపు మాటలును ఒకే త్రాసున తూగి తేలిపోయినవి.

నీవెవరవు?

అప్పుడు సులభ రాజు ప్రశ్నలకు వచ్చెను. లక్కయు కట్టెయు కలిసినట్లు, ధూళియు నీటిబొట్లును కలిసినట్లు, ప్రాణుల శరీరములు పలు తత్త్వముల కలయిక. గర్భమున బిందువై మొదలిడిన దేహము బాల్య యౌవన వార్ధక్యములలో క్షణక్షణము మారుచున్నది. దీపజ్వాలవలె ఆ మార్పు కంటికి కనబడదు. అట్టిచో ఎవరిది, ఎక్కడిది అను ప్రశ్నలకు అర్థమేమి? నీలో నిన్ను చూచునట్లే ఇతరులలోను చూచువాడవైనచో, నీవెవరవు, ఎవరిదానవని నన్నేల అడిగితివి?

రాజని గర్వించువాడు సైతము అడుగడుగున ఇతరులపై ఆధారపడువాడేయని కూడ ఆమె నిరూపించెను. ఎంత రాజ్యమున్నను ఆయన నివసించునది ఒక్క యింట, శయనించునది ఒక్క మంచమున.

చివరకు ఆమె తన వృత్తాంతమును తెలిపెను. తాను ప్రధానుడను రాజర్షి వంశమున జన్మించిన క్షత్రియ స్త్రీ. తగిన భర్త లభింపనందున మోక్షధర్మమును అభ్యసించి ఒంటరిగా సంచరించుచున్నది. అనగా వర్ణసంకరమని రాజు చేసిన నింద మూలముననే తప్పు. వేషమును చూచి బ్రాహ్మణ స్త్రీ యని ఆయన ఊహించెను. ఊహను జ్ఞానమని తలచెను. దానిపై నింద నిర్మించెను. బాహ్యచిహ్నములు నిరర్థకములని బోధించినవాడే బాహ్యచిహ్నమును నమ్మి మోసపోయెను.

భిక్షువు పాడుపడిన యింట ఒక రాత్రి గడపినట్లు నీ దేహమున ఈ రాత్రి వసించి రేపు వెడలిపోదునని ఆమె ముగించెను. యుక్తితోను, అర్థముతోను కూడిన ఆ మాటలు విని రాజు బదులు పలుకలేదు.

రెండు మౌనములు

జనకుని ఈ మౌనమును మహాభారతమునందలి మరియొక మౌనముతో పోల్చిచూచుట మేలు. సభాపర్వమున జూదము ముగిసిన పిమ్మట ద్రౌపది హస్తినాపుర సభను ఒక ప్రశ్న అడిగెను. ధర్మరాజు ముందుగా తన్ను తాను ఓడెనా, నన్ను ఓడెనా? తాను ఓడినవానికి నన్ను పణముగా ఒడ్డు అధికారము కలదా? ఇది కన్నీటితో అడిగినదే యైనను, శుద్ధమైన శాస్త్రప్రశ్న. సభలో శాస్త్రజ్ఞులకు కొదువలేదు. భీష్ముడు ధర్మము సూక్ష్మమని, నిర్ణయింపజాలనని పలికెను. సమాధానము చెప్పుడని విదురుడు సభ్యులను హెచ్చరించెను. దుర్యోధనుని తమ్ముడు వికర్ణుడు లేచి, వ్యసనమున మునిగిన రాజు చేసిన పని చెల్లదని హేతువులతో వాదించెను. కర్ణుడు అతని హేతువులకంటె ముందు అతని వయస్సును ఎత్తిచూపెను: నీవు బాలుడవు, పెద్దలు ఊరకుండగా నీకేల ఈ మాటలు అని గద్దించెను.

వక్తృత్వము అక్కడ లేకపోలేదు, శాస్త్రము లేకపోలేదు. లేనిది శ్రోత. భయము, లోభము, లజ్జ ఆ సభను మూసివేసినవి. సులభ చెప్పిన తొమ్మిదింటిలో ఈ మూడు చాలినవి. ఆ మౌనము ఫలితము కురుక్షేత్రము. మిథిలలో రాజు మౌనము వేరు. తన సింహాసనము ఎదుటనే, అపరిచితయగు ఒక భిక్షుకి తన తప్పును ఎత్తిచూపుచుండగా, ఆయన ఆమెను వెడలగొట్టలేదు, చివరివరకు వినెను.

ఈ రెండవ కథను చెప్పినవాడు భీష్ముడే. ఆనాడు ఒక స్త్రీ అడిగిన ప్రశ్నకు బదులు చెప్పలేకపోయిన పితామహుడు, అంపశయ్యపై పరుండి, ఒక స్త్రీ వాక్యము రాజును నిరుత్తరుని చేసిన కథను ధర్మరాజునకు వినిపించెను. భారతము ఈ రెండింటిని కలిపి చెప్పలేదు. చదువరి కలుపుకొనవలెను.

నేటి మన కర్తవ్యము

ఇదంతయు రాజసభలకు సంబంధించిన పాతకథ యని తలపరాదు. నేడు ప్రతివాని చేతను ఒక సభ యున్నది. 2018లో పిల్లలను ఎత్తుకొనిపోవువారు తిరుగుచున్నారను వదంతి సెల్‌ఫోనుల ద్వారా మన దేశమున పలుచోట్ల వ్యాపించెను. ఏ పాపము ఎరుగని బాటసారులు మూకల చేతిలో ప్రాణములు కోల్పోయిరి. ఆ ఏడాది జూలైలో వాట్సాప్ సంస్థ మన దేశమున ఒక సందేశమును ఒకేసారి ఐదింటికంటె ఎక్కువ చోట్లకు పంపుటకు వీలులేకుండ కట్టడి చేయనారంభించెను.

ఆ సందేశమును పంపినవారిలో దుర్మార్గులెందరో చెప్పలేము గాని, పెక్కురు బిడ్డలపై ప్రేమతోను, భయముతోను పంపినవారే యగుట సంభవము. భయము, జాలి! రెండును సులభ పట్టికలోనివే. మంచివారి నోటినుండి వచ్చినంత మాత్రమున మాట మంచిది కాజాలదు. ఎరిగి చెప్పినవాడెవడని ఒక్కరైనను అడిగియున్నచో, ఆ మాట అక్కడనే ఆగియుండెడిది. అన్నంభట్టు చెప్పిన ఆప్తలక్షణము పండితుల పరీక్షకొరకు మాత్రమే కాదు. ఒక ప్రాణమును నిలుపుటకును అది అవసరము.

ఇంటిలోను ఇంతియే. కోడలు పలికిన మాటయే మామగారు పలికినచో తలయూపుదుము. పనివాడు చెప్పిన హెచ్చరికను పక్కకు నెట్టి, ఇంజనీరు చెప్పిన పిదప ఒప్పుకొందుము. బడికి పోవు పిల్ల తనకు జరిగిన అన్యాయమును చెప్పబోగా, నీకేమి తెలియునని నోరు మూయింతుము. ఇవన్నియు వికర్ణునకు జరిగిన సన్మానములే. ఆ మాటలలో నిజము లేకపోవచ్చును, ఉండను వచ్చును. కాని వినకమునుపే తేల్చుట మాత్రము విచారణ కాదు.

మరియొక హెచ్చరిక యును అవసరము. మన జ్ఞానము సమాజము వలనను, మాటల నేర్పు వలనను రూపొందుచున్నదని తెలిసినంత మాత్రమున సత్యమే లేదని వాదించువారు కలరు. అది వితండము. రాజు ఊహ తప్పయినది; అయితే సులభ జన్మవృత్తాంతము ఆ ఊహపై ఆధారపడి యుండలేదు. అది ముందును ఉన్నది, పిదపను ఉన్నది. తెలిసికొనుటకు వినవలసి వచ్చినది, అంతే. అద్దముపై ధూళి కలదన్నచో తుడువవలెను గాని, ముఖమే లేదనుట తగదు.

కావున ఒక మాటను నమ్ముటకు గాని, ఇతరులకు చెప్పుటకు గాని ముందు మూడు ప్రశ్నలు వేసికొందము. చెప్పినవాడు దీనిని ఎరిగి చెప్పెనా? ఈ మాటలో సౌక్ష్మ్యము, సంఖ్య, క్రమము, నిర్ణయము, ప్రయోజనము కలవా? దీనిని నమ్మగోరుచున్న నా మనస్సున ఆ తొమ్మిదింటిలో ఏది పనిచేయుచున్నది? మొదటిది వక్తను, రెండవది వాక్యమును, మూడవది శ్రోతను పరీక్షించును. మొదటి రెండును మనము అప్పుడప్పుడైనను అడుగుదుము. మూడవది అడుగుట కష్టము; జనకుడంతవాడు అక్కడనే తడబడెను.

పురాణ శ్రవణము పుణ్యమని పెద్దలు చెప్పుదురు. ఆ శ్రవణమున శ్రద్ధ యెంత ముఖ్యమో, శుద్ధి అంత ముఖ్యము. చెవిని శుద్ధిచేసికొన్నవానికి భిక్షుకి మాటయు ఉపదేశమగును. చేసికొననివానికి గురువు ఎదుట కూర్చున్నను తన ఊహయే వినబడును. సర్వాంతర్యామి మనకు సత్యమును పలుకు నాలుకతోపాటు, ఎవరు పలికినను సత్యమును వినగల చెవిని కూడ అనుగ్రహించుగాక.